జెండా తొడుగు

మే నెలాఖరున సమాధుల మీద పూలు పెట్టే రోజు వస్తే మా మెర్టన్ ఊళ్ళో ఒక లాయరు ఉపన్యాసం ఇస్తాడు. ఏటా అదే ఉపన్యాసం. ఉత్తరాదికీ దక్షిణాదికీ యుద్ధం జరిగేనాటికి ఆయనకింకా పాలపళ్ళు ఊడలేదు, కానీ చెప్పేటప్పుడు చూడాలి, తుపాకి పొగంతా ఆయనే పీల్చినట్టు దగ్గుతాడు. ఓరిన్ ప్రూయిట్ అనే వీరుడు జెండాని గుండెలకు చుట్టుకుని మట్టిగోడ ఎక్కాడట. శత్రువుకు ఎదురొడ్డి నిలబడ్డాడట. ఆడవాళ్ళు కళ్ళొత్తుకుంటారు. నాకు ముందు వరసలో కుర్చీ వేస్తారు, ఆ జెండా చుట్టూ నిలబడ్డవాళ్ళలో మిగిలింది నేనొక్కణ్ణే కనక. ఈ ఏడు మధ్యలో లేచి వచ్చేశాను. ముసలాడికి ఎండ దెబ్బ తగిలిందనుకున్నారు.

ఎండా కాదు, దెబ్బా కాదు. ఒళ్ళు మండి వచ్చేశాను. ఓరిన్ వీరుడు కాడని కాదు. వాణ్ణి మించినవాణ్ణి నేను చూడలేదు. కానీ జరిగింది అది కాదు. వాళ్ళన్న ఆల్వా పోయాడు. వాళ్ళమ్మ కెజాయా అంతకు చాలాముందే పోయింది. ఇంకా దాచి ఎవరిని కాపాడాలి నేను?

ప్రూయిట్లది ఒహాయో నది మీద రేవు పడవ. తండ్రి ఆ నదిలోనే కొట్టుకుపోయాడు. అప్పటికి ఆల్వాకి మీసం వస్తోంది, ఓరిన్ ఇంకా తల్లి కొంగు పట్టుకు తిరుగుతున్నాడు. ఆ రోజు నుంచి పడవ గడా, తమ్ముడూ రెండూ ఆల్వా చేతిలోకి వచ్చాయి. వాడికి ఈత నేర్పింది ఆల్వా. చదువు చెప్పించింది ఆల్వా. తప్పు చేస్తే చెంప పగలగొట్టింది కూడా ఆల్వాయే. యుద్ధం వచ్చి ఊరి కుర్రాళ్ళంతా ఒకే పటాలంలో చేరినప్పుడు ఓరిన్ కూడా చేరతానని పట్టుబట్టాడు. కెజాయా ఏడవలేదు. స్టీమరెక్కే ముందు రేవులో ఆల్వా కోటు బొత్తాం పట్టుకుని ఒకటే మాట చెప్పింది.

"వాణ్ణి నీ చేతుల్లో పెడుతున్నాను. ఎలా తెస్తావో నాకనవసరం. తెచ్చి నాకప్పజెప్పు."

"తెస్తానమ్మా" అన్నాడు ఆల్వా.

ఆ స్టీమరు మీదే మా పటాలం జెండా కూడా ఎక్కింది. మా జిల్లా ఆడవాళ్ళంతా కూర్చుని కుట్టిన పట్టు జెండా అది. నీలం గుడ్డ మీద నక్షత్రాలు కుట్టింది కెజాయా. బంగారు కుచ్చులూ, గడ చివర ఇత్తడి గద్దా ఉండేవి. మా బూట్లకు అడుగులుండేవి కావు. మింగ మెతుకు లేదు, మీసాలకు సంపెంగ నూనె అన్నట్టుండేది మా వైభోగం.

జెండా అంటే ఏమిటో యుద్ధానికి వెళ్ళనివాళ్ళకి తెలియదు. తుపాకులు పేలడం మొదలైతే పక్కవాడి మొహం కనపడదు, కల్నల్ అరుపు వినపడదు. పొగలో పైన కనపడేది జెండా ఒక్కటే. అది ముందుకెళితే మేమూ వెళ్ళాలి, అది ఆగితే ఆగాలి. మాకు కనపడేది అవతలివాళ్ళకీ కనపడుతుంది. అవతలి దక్షిణాదివాళ్ళని మేం జానీలనేవాళ్ళం. జానీలు ముందు కొట్టేది జెండా మోసేవాణ్ణే. మోసేవాడి చేతిలో తుపాకి ఉండదు, రెండు చేతులూ గడకే సరి. చుట్టూ మాలాంటి కార్పొరళ్ళు కొందరు కాపలా. మొదట మోసిన కమ్మరి పోయాడు. తర్వాత బడిపంతులు పోయాడు. యుద్ధం నాలుగో ఏట మే నెలలో రొట్టెల దుకాణం కాస్పర్ పోయాడు. పడిపోతున్న జెండాని ఎవడు పట్టుకుంటే ఇక అది వాడిదే, అది మా పటాలం ఆనవాయితీ. కాస్పర్ చేతిలోంచి జారుతుంటే పట్టుకున్నది ఓరిన్.

ఆ సాయంత్రం ఆల్వా వాణ్ణి పట్టుకుని దులిపేశాడు.

"నీకెందుకురా? అంతమందుండగా నువ్వే దొరికావా దానికి?"

"కింద పడుతోంది అన్నయ్యా. తొక్కేస్తారు. అమ్మ కుట్టిందది."

"అమ్మ నిన్ను కూడా కన్నదిరా వెధవా."

ఓరిన్ నవ్వాడు. వాడితో వచ్చిన చిక్కే అది. తిట్టినా నవ్వుతాడు, కొట్టినా నవ్వుతాడు.

ఆల్వా కల్నల్ దగ్గరికి వెళ్ళాడు. జెండా తనకిమ్మన్నాడు. కల్నల్ చెడ్డవాడు కాదు, యుద్ధానికి ముందు వకీలు పని చేసుకునేవాడు. "సార్జెంట్, నీ దళంలో సార్జెంట్లు ఇప్పటికే తక్కువ. నువ్వు జెండాకి వస్తే వాళ్ళని నడిపేదెవరు?" అన్నాడు. మా అమ్మకు మాటిచ్చాను బాబూ అన్నాడు ఆల్వా. "పటాలంలో అందరికీ అమ్మలున్నారు" అన్నాడు కల్నల్. తప్పేమీ కాదు ఆ మాట. కానీ ఆల్వా గుడారానికి తిరిగొచ్చినప్పుడు మొహంలో నెత్తురు చుక్క లేదు.

జూన్‌లో జార్జియాలో ఉన్నాం. ఆ నెలంతా వాన. ఎర్రమట్టి బూట్లకంటుకుని ఒక్కో కాలు ఒక్కో దుంగలా అయ్యేది. గట్టి బిస్కెట్లు బూజు పట్టాయి, తుపాకి మందు తడిసింది, నా కాలివేళ్ళ మధ్య పుళ్ళు పడ్డాయి. జెండా తడిసి పాడవకుండా మైనపు గుడ్డ తొడుగు వేసి మూతి బిగించి మోసుకెళ్ళేవాడు ఓరిన్. పడుకునేటప్పుడు కూడా దాన్ని అన్నదమ్ములిద్దరి మధ్యా పెట్టుకునేవాడు. ఎదురుగా గుట్ట మీద జానీలు దుంగలూ మట్టీ వేసి గోడ కట్టుకున్నారు. దాని మీదికి మేమే వెళ్ళాలని మర్నాటికి ఆజ్ఞ వచ్చింది.

ఆ సాయంత్రం ముగ్గురం ఒకే నిప్పు దగ్గర కాఫీ కాచుకున్నాం. ఓరిన్ పందిమాంసం ముక్క పుల్లకు గుచ్చి కాలుస్తున్నాడు.

"రేపు నీకు జ్వరమని చెబుతా" అన్నాడు ఆల్వా.

"నా ఒంటికి లేని జ్వరం నీ నోట్లో ఉందా?"

"వానలో తడిశావు. ఎవడైనా నమ్ముతాడు."

"టోబీ, నువ్వు చెప్పు" అన్నాడు ఓరిన్ నా వైపు తిరిగి. "రేపు నేను పడుకుంటే ఇది ఎవరు మొయ్యాలి?"

నేను కాఫీలోకి చూస్తూ కూర్చున్నాను. మొయ్యాల్సింది నేనే. వరసలో తర్వాతవాణ్ణి.

"చూశావా, టోబీకి కూడా అమ్మ ఉంది. అదీ గుడ్డి ముసలమ్మ" అన్నాడు ఓరిన్. "అన్నయ్యా, నన్నింక పిల్లాణ్ణనుకోకు. నాకు భయం లేదని కాదు. అయినా పట్టుకున్నాక వదిలేస్తే ఊళ్ళో తలెత్తుకోగలనా?"

"ముందు తల ఉంటే కదా ఎత్తుకోడానికి."

ఓరిన్ నవ్వి, జెండాని గుడారంలో పెట్టి, నీళ్ళ సీసాలన్నీ భుజాన వేసుకుని వాగుకి వెళ్ళాడు. నేను తూటాలు తెచ్చుకోడానికి లేచాను. ఆల్వా గుడారంలోకి దూరాడు. నేను చూసింది అంతవరకే.

తెల్లవారాక కల్నల్ మా జెండావాళ్ళ దగ్గరికి నడుచుకుంటూ వచ్చాడు. ఆల్వా అప్పుడు ఎడమ కొసన తన దళాన్ని వరసలో నిలబెడుతున్నాడు.

"ప్రూయిట్, విను" అన్నాడు ఓరిన్‌తో. "అడవి దాటేదాకా తొడుగు తియ్యకు, కొమ్మలకు చిరుగుతుంది. చెట్లు అయిపోయాక విప్పు. వెనక గుట్ట మీద మన ఫిరంగులున్నాయి. మీ తలల మీదుగా ఆ గోడని కొడుతూ ఉంటాయి. గోడ ఎక్కగానే వాళ్ళకి కనపడేట్టు జెండా ఊపు. అది చూస్తేనే ఆపుతారు. ఈ మబ్బులో వాళ్ళకి మన కోటూ తెలీదు, వాళ్ళ కోటూ తెలీదు."

"అలాగే బాబూ" అన్నాడు ఓరిన్.

కదిలే ముందు ఆల్వా ఒకసారి తమ్ముణ్ణి చూడ్డానికి మా దాకా వచ్చాడు. అంత ఉక్కలో కోటు బొత్తాలన్నీ గొంతుదాకా పెట్టుకున్నాడు. నడుం దగ్గర ఉబ్బెత్తుగా ఉంది.

"ఏం ఆల్వా, రాత్రికి రాత్రి ఒళ్ళు చేశావే. ఎవరి పంది దొరికిందేంటి?" అన్నాను.

"నీ మొహం. చలిగా ఉంది" అని తమ్ముడి టోపీ సరిచేసి వెళ్ళిపోయాడు.

చలట. నా చంకలు చెమటతో నానిపోతున్నాయి.

అడవిలోంచి నడిచాం. మా తలల మీదుగా మా గుళ్ళు ఈలలేస్తూ పోతున్నాయి. చెట్లు అయిపోయేచోట ఓరిన్ ఆగి తొడుగు తాడు మీద చెయ్యి వేశాడు. అదే క్షణాన గోడ మీంచి జానీలు పేల్చారు. కల్నల్ మోకాళ్ళ మీద కూలిపోయాడు. ఎక్కణ్ణుంచి వచ్చాడో ఆల్వా వచ్చి ఓరిన్ వీపు మీద చరిచాడు.

"ఇప్పుడు కాదురా! పరిగెత్తు, పరిగెత్తు!"

పరిగెత్తాం. అంతకు ముందు ఏ పోరులోనూ జెండా చుట్టూ ఉన్నవాళ్ళు గోడ దాకా సగానికి సగం మిగిలేవారు కాదు. ఆ రోజు మాలో ఒక్కడు కూడా పడలేదు. ఎక్కడ గురి పెట్టాలో జానీలకు తెలియలేదు. ఉత్త గడ పట్టుకుని వస్తున్న కుర్రాణ్ణి ఎవడూ లక్ష్యపెట్టలేదు. మేం గోడ మీదికి ఉరికేసరికి వాళ్ళు వెనక చెట్లలోకి పరుగు తీస్తున్నారు. ఎడమవైపు తన దళంతో గోడెక్కిన ఆల్వా మా వైపు చూశాడు. తమ్ముడు రెండు కాళ్ళ మీద నిలబడి ఉండటం చూసి నవ్వాడు. ఆల్వా పళ్ళు బయటపెట్టి నవ్వడం నేను చూసింది అదొక్కసారే.

అప్పుడు మా వెనకనుంచి గుండు వచ్చి మా మధ్యనే పేలింది.

తలెత్తి చూసేసరికి నా పక్కన నిలబడ్డ కార్పొరల్ నడుం పైన లేడు. నా చేతిలోంచి నెత్తురు కారుతోంది. రెండో గుండు వచ్చింది. దళంలో ఎవడో "మనవే, మనవే" అని ఏడుస్తున్నాడు. మేం ఇంత తొందరగా గోడ చేరతామని ఆ ఫిరంగులవాళ్ళు అనుకోలేదు. జెండా కనపడలేదు కనక గోడ మీద మసిలేవాళ్ళు జానీలే అనుకున్నారు. వాళ్ళని అని లాభం లేదు. నేను వాళ్ళ చోట ఉన్నా కొట్టేవాణ్ణే.

ఓరిన్ మోకాళ్ళ మీద కూర్చుని తొడుగు తాడు కోసి లాగేశాడు. లోపల జెండా లేదు. గడకు చుట్టి ఒక బూడిదరంగు కంబళి ముక్క ఉంది. తడిసిన కంబళి, తడిసిన పట్టంత బరువుతో.

వాడి మొహం చూడలేకపోయాను. జెండా పోగొట్టుకున్న పటాలం అంటే మాలో చావుకన్నా హీనం. "నా దగ్గరే పెట్టుకు పడుకున్నాను టోబీ" అన్నాడు వాడు. "నా పక్కనే ఉంది. ఎవరు తీస్తారు?" అంటూనే కంబళి అంచు పట్టుకు చూశాడు. దాని మూల ప్రూయిట్ అని ఎర్ర దారంతో కుట్టి ఉంది.

అంతలో ఆల్వా పాకుతూ వచ్చాడు. మూడో గుండు అతని దళం మధ్యలో పడింది, మొహం నిండా మట్టి. కోటు బొత్తాలు తెంపుకుంటున్నాడు. చొక్కా కింద, ఒంటి చుట్టూ, మా జెండా. చెమటకు తడిసి చర్మానికి అంటుకుపోయి ఉంది.

"నీకు గురి పెట్టకుండా ఉంటారని" అన్నాడు. "గోడ ఎక్కాక ఇద్దామనుకున్నాన్రా. అంతే."

"అన్నయ్యా, మన ఫిరంగులు దీన్ని చూస్తేనే ఆపుతాయి. కల్నల్ నాకు చెప్పాడు."

"నాకు చెప్పలేదురా" అన్నాడు ఆల్వా. "నాకెవరూ చెప్పలేదు."

అంత పెద్దమనిషి చిన్నపిల్లాడిలా అన్నాడు ఆ మాట. చుట్టు విప్పి జెండా తనే పట్టుకుని లేవబోయాడు. "నేను నిలబడతాను. తప్పు నాది." ఓరిన్ రెండో అంచు వదల్లేదు. వాడి చేతులు చిన్నవైనా పడవ లాగిన చేతులే. ఒక్క గుంజు గుంజి లాక్కున్నాడు.

"నా పని నన్ను చేసుకోనీ" అని దుంగ మీదికెక్కాడు.

గడకు కట్టే వ్యవధి లేదు. రెండు చేతులతో రెండు కొసలూ పట్టి తల మీదికెత్తి ఊపాడు. ఎటు తిరిగి నిలబడ్డాడో లాయరుగారు ఏనాడూ చెప్పలేదు, ఆయనకి తెలిస్తే కదా. వాడు తిరిగింది మా ఫిరంగుల వైపు. వీపు జానీలకిచ్చాడు. ఇంకెలా నిలబడతాడు? ఆల్వా కింద కూర్చుని రెండు చేతులతో వాడి బూటు పట్టుకున్నాడు. ఇంకో గుండు వచ్చింది, గోడ అవతల పడింది. తర్వాత రాలేదు. గుట్ట మీద ఎవడో చూశాడు. ఫిరంగులు ఆగాయి.

"ఆగాయన్నయ్యా" అన్నాడు ఓరిన్. "దిగుతున్నా."

వెనక చెట్లలోంచి ఒక్క తుపాకి పేలింది. వీపులోంచి దూరి ఛాతీలోంచి వచ్చింది. జెండాతో సహా అన్న ఒళ్ళో పడ్డాడు. వాడి బూటు ఆల్వా చేతుల్లోనే ఉంది, చాలాసేపు వదల్లేదు.

తర్వాత మా కెప్టెన్ వచ్చి చూశాడు. గడకు లేని జెండా, దాని మీద చెమటా నెత్తురూ, కింద కుర్రాడు. తనకు తోచినట్టు కథ అల్లుకున్నాడు, జెండాని కాపాడటానికి ఓరిన్ ఒంటికి చుట్టుకున్నాడని. పత్రికలో కూడా అలాగే వచ్చింది. ఆల్వా కాదనలేదు. మా గుళ్ళకు మావాళ్ళే ఎంతమంది పోయారో అతనికి తెలుసు. వాళ్ళ పేర్లు నేనివాళ చెప్పను, వాళ్ళ మనవలు ఈ ఊళ్ళోనే ఉన్నారు. ఆ సాయంత్రం ఆల్వా నన్ను ఒకటే అడిగాడు, "టోబీ, వాణ్ణి వెల్లకిలా పడుకోబెట్టి పూడ్చుదాం. వెనక తగిలిందని ఎవరూ చూడకూడదు" అని. నా మంచి చెయ్యి ఒకటుంది, దాంతోనే సాయం పట్టాను.

చిరిగిన జెండాని బాగుచెయ్యడానికి ఊరి ఆడవాళ్ళకు పంపడం ఆనవాయితీ. కెప్టెన్ ఆల్వాకి సెలవిచ్చి, జెండాని ఆ మైనపు తొడుగులోనే చుట్టి చేతికిచ్చి పంపాడు. నా చెయ్యి చీము పట్టిందని నన్నూ పంపారు. రైల్లో, స్టీమర్లో దారంతా ఆల్వా ఆ తొడుగు ఒళ్ళో పెట్టుకు కూర్చున్నాడు. "అమ్మకు చెబుతాను" అన్నాడు ఒకసారి. "చెప్పకుండా ఆవిడ ఎదుట అన్నం తినలేను." చెప్పమన్నాను. నాకూ అదే న్యాయమనిపించింది.

ఇంటి గుమ్మంలో కెజాయా నిలబడి ఉంది. కబురు ముందే అందింది. నల్లబట్టలు కట్టుకుంది. ఏడ్చి ఏడ్చి కళ్ళు ఇగిరిపోయాయి. కొడుకుని ముట్టుకోలేదు, తొడుగు అందుకుంది. లోపలికెళ్ళి బల్ల మీద పరిచింది. మధ్యలో నెత్తురు నల్లగా అట్టకట్టింది. దాని పక్కన పట్టు మీద పెద్ద చెమట మరక, ఉప్పు అంచు కట్టి, మనిషి ఒంటి చుట్టుకొలతంత పొడుగున. ఆమె వంగి ఆ మరక మీద మొహం పెట్టి వాసన చూసింది. మైనపు గుడ్డలో బిగించి తెచ్చాం కనక వాసన పోలేదు.

"నా చిన్నోడు ఇంట్లోకి రాగానే ఇదే వాసన వచ్చేది" అంది. "పత్రికలో రాసింది నిజమేనన్నమాట. ఒంటికి చుట్టుకున్నాడు."

ఆల్వా పెదాలు కదిలాయి. "అమ్మా" అన్నాడు.

"నేను నిన్నన్న మాట తప్పు నాయనా. తెచ్చి అప్పజెప్పమన్నాను. అదేం నీ చేతిలో ఉన్న పనా? నా మాట నీ నెత్తిన ఎంత బరువయిందో." మొహం ఎత్తకుండానే చెబుతోంది. "ఇదొక్కటి చాలు నాకు. ఇది వాడి చెమటేనా ఆల్వా? వాడిదేనా?"

నేను గోడకేసి చూస్తున్నాను. బయట రేవులో ఎవరో పడవ కోసం కేకేస్తున్నారు.

"వాడిదేనమ్మా" అన్నాడు ఆల్వా.

ఆమె కత్తెర తెచ్చి ఆ మరకున్న పట్టీని కత్తిరించుకుంది. మిగతాది కోర్టు భవనంలో అద్దాల పెట్టెలో ఉంది, ఆ కత్తిరింపు శత్రువుల కత్తి వేటని పిల్లలకు చెబుతారు. ఆల్వా ఆ నెలలోనే తిరిగి వెళ్ళి కొత్త జెండా తనకిమ్మన్నాడు, ఈసారి ఇచ్చారు. యుద్ధం అయిపోయేదాకా తొడుగు లేకుండా మోశాడు, వానలో కూడా, నిటారుగా. అతని ఒంటి మీద ఒక్క గీత పడలేదు. ఇంటికి వచ్చి పడవ నడుపుకున్నాడు, పెళ్ళి చేసుకోలేదు. కెజాయా బతికినన్నాళ్ళూ ఆ పట్టీని తలగడ మీద వేసుకుని చిన్నకొడుకు వాసన పీలుస్తూ నిద్రపోయేది. ఆల్వా పక్క గదిలో పడుకునేవాడు.